హాలీ చెట్టు ఆకు పసుపెక్కితే అది ఆకలేనా?

పెరట్లోని హాలీ చెట్టు ఆకులు పసుపు రంగుకు తిరగగానే చాలామంది ముందుగా ఎరువు సంచి విప్పుతారు. చాలా మొక్కల విషయంలో ఆ పని వల్ల మేలు జరగకపోయినా పెద్ద కీడేమీ ఉండదు. హాలీ దగ్గర మాత్రం ఆ తొందర తరచూ బెడిసికొడుతుంది. ఈ చెట్టు ఆకు పాలిపోవడానికి ఎన్నో కారణాలున్నాయి. ఎరువు చాలకపోవడం వాటిలో ఒకటి మాత్రమే. నేలలో ఉన్న పోషకాన్నే వేరు అందుకోలేకపోవచ్చు, నీరు నిలిచి వేరుకు గాలి ఆడకపోవచ్చు, వేరును బూజు తినేస్తూ ఉండవచ్చు, లేదా ఏ జబ్బూ లేకుండా పాత ఆకు తన కాలం తీరి రాలుతూ ఉండవచ్చు. దూరం నుంచి చూస్తే వీటన్నిటి రంగూ ఒకటే. దగ్గరికి వెళ్లి, ఏ ఆకు పసుపెక్కింది, ఆకులో ఏ భాగం పసుపెక్కింది, ఏ రుతువులో పసుపెక్కింది అన్న మూడు సంగతులు గమనిస్తే తేడా తెలుస్తుంది. హాలీ పోషణలో అసలు నేర్పు ఆ చూపులోనే ఉంది, ఎరువు మోతాదు దాని తర్వాతి మాట.

హాలీ అనే పేరు ఒక్క చెట్టుది కాదు. హాలీలన్నీ చేరే ఐలెక్స్ ప్రజాతిలో 500కు పైగా జాతులున్నాయి. దక్షిణ అమెరికాలో మాతే పానీయానికి ఆకునిచ్చే చెట్టు కూడా ఈ కుటుంబానిదే. ఇంటి తోటల్లో ఎక్కువగా కనిపించేవి అరడజనుకు మించవు. ముళ్ల అంచుల మెరిసే ఆకులు, ఎర్రటి పండ్లు ఉండే ఐరోపా హాలీ అందరికీ బొమ్మల్లో పరిచయమైనది. దానికి దగ్గర పోలికలతో, కాస్త మసక ఆకులతో పెరిగేది అమెరికా హాలీ. వేడికి బాగా తట్టుకునేది చైనా హాలీ. చిన్న ఆకులు, నల్లని పండ్లతో కంచెగా పెంచడానికి అనువైనది జపాన్ హాలీ. దానిలాగే నల్లని పండ్లు కాసే ఇంక్‌బెర్రీ, చలికాలంలో ఆకులన్నీ రాల్చి ఎర్రటి పండ్లతో మాత్రమే నిలిచే వింటర్‌బెర్రీ కూడా హాలీలే. వీటన్నిటికీ ఒకే పోషణ సూత్రం చెప్పేవారి మాటను కాస్త అనుమానంగానే వినాలి. తడి నేలలో పుట్టి పెరిగిన వింటర్‌బెర్రీకి సరిపడే చోటు, నీరు నిలిస్తే వేరు కుళ్లిపోయే జపాన్ హాలీకి సరిపడదు.

ముందుగా జబ్బు కాని పసుపును పక్కన పెట్టాలి. సతతహరితమంటే ఆకు ఎప్పటికీ రాలదని అర్థం కాదు. హాలీ ఆకు సాధారణంగా రెండు మూడేళ్లు కొమ్మ మీద ఉండి, వసంతంలో కొత్త చివుళ్లు వచ్చే వేళకు పసుపెక్కి రాలిపోతుంది. ఈ రాలడం కొమ్మ లోపలి వైపున, పాత ఆకుల్లో మాత్రమే ఉంటుంది. కొమ్మ చివరి ఆకులు ముదురు ఆకుపచ్చగానే ఉంటాయి. కొన్నేళ్లు ఈ రాలుడు ఎక్కువగా ఉండి చెట్టు సగం బోసిపోయినట్లు కనిపించవచ్చు. అప్పుడు చేయవలసిందల్లా ఆగి చూడడమే.

పాత ఆకులే పసుపెక్కుతున్నా అది వసంతంలో కాకుండా ఎదుగుదల మధ్యలో జరుగుతూ, ఆకు మొత్తం ఒకే తీరుగా లేత రంగుకు దిగి, కొత్త చివుళ్లు పొట్టిగా, ఆకులు చిన్నవిగా వస్తుంటే నత్రజని లోపాన్ని శంకించవచ్చు. చెట్టు తన పాత ఆకుల్లోని నత్రజనిని తీసి కొత్త ఆకులకు పంపుకుంటుంది కనుక లోపం ముందు పాత ఆకులో బయటపడుతుంది. మెగ్నీషియం కూడా చెట్టులో అలా కదిలేదే. అది తగ్గినా పాత ఆకులే పాలిపోతాయి కాని, ఈనెల వెంట పచ్చదనం నిలిచి నడుమ భాగం పసుపెక్కుతుంది. ఇనుము సంగతి వేరు. అది ఒకసారి ఆకులో చేరితే అక్కడి నుంచి కదలదు. అందుకే ఇనుము అందనప్పుడు పాత ఆకులు పచ్చగానే ఉండి, లేత ఆకులు మాత్రం ఆకుపచ్చ ఈనెల వలతో పసుపుగా, ముదిరితే దాదాపు తెల్లగా పుట్టుకొస్తాయి. హాలీలో ఎక్కువగా ఎదురయ్యే నిజమైన పోషక లోపం ఇదే. దీనికి నత్రజని ఎరువు మందు కాదు. పైగా ఆ ఎరువుతో కొత్త చివుళ్లు మరిన్ని వచ్చి, ఉన్న కొద్దిపాటి ఇనుమును పంచుకుని, పసుపు ఇంకా ఎక్కువవుతుంది.

ఇనుము అందకపోవడానికి నేలలో ఇనుము లేకపోవడం దాదాపు ఎప్పుడూ కారణం కాదు. మామూలు మట్టిలో చెట్టు అవసరానికి ఎన్నో రెట్లు ఇనుము ఉంటుంది. నేల ఆమ్లగుణం నుంచి క్షారగుణం వైపు జరిగే కొద్దీ ఆ ఇనుము నీటిలో కరగని రూపంలోకి మారి వేరుకు చిక్కదు. హాలీ జాతుల్లో ఎక్కువ భాగం అడవి నేలల్లో, కుళ్లిన ఆకుల పొర కింద, కొంచెం ఆమ్లగుణం ఉన్న మట్టిలో పుట్టి పెరిగినవి, పీహెచ్ (నేల ఆమ్ల, క్షార గుణాల కొలత; అంకె తగ్గే కొద్దీ ఆమ్లం ఎక్కువ) 5.0 నుంచి 6.5 మధ్య ఉన్న నేల వాటికి హాయి. ఐరోపా, చైనా హాలీలు కొంత సున్నపు నేలనైనా ఓర్చుకుంటాయి కాని ఇంక్‌బెర్రీ, వింటర్‌బెర్రీ, జపాన్ హాలీ అంతగా ఓర్చుకోవు. ఇంటి తోటలో ఒక చిక్కు ఉంది. తోట నేల మొత్తం ఆమ్లంగా ఉన్నా, గోడ పక్కన నాటిన చెట్టు కింద మాత్రం అలా ఉండకపోవచ్చు. కట్టడం నాడు పడిన సిమెంటు, సున్నం ముక్కలు ఏళ్ల తరబడి మట్టిలో కరుగుతూ ఆ కొద్ది చోటును క్షారంగా మారుస్తాయి. సున్నం ఎక్కువగా ఉన్న నీటితో ఏళ్లపాటు తడిపినా అదే ఫలితం. ఒకే వరుసలో నాటిన కంచెలో గోడవైపు చెట్లు మాత్రమే పాలిపోతే కారణం అక్కడే వెతకాలి.

కాబట్టి ఎరువు కొనే ముందు మట్టి పరీక్ష చేయించడం డబ్బు దండగ కాదు, డబ్బు ఆదా. పీహెచ్ ఎక్కువగా ఉందని తేలితే దాన్ని దించడానికి నమ్మదగినది గంధకం పొడి. అది తనంతట తాను ఆమ్లం కాదు; మట్టిలోని బ్యాక్టీరియా దాన్ని నెమ్మదిగా గంధకామ్లంగా మారుస్తుంది. ఆ జీవులకు వెచ్చదనం, తేమ కావాలి కనుక చలికాలంలో చల్లిన గంధకం అలాగే పడి ఉంటుంది, ఫలితం కనిపించడానికి నెలలు పడుతుంది. ఎదిగిన చెట్టు చుట్టూ ఒక్కసారికి చదరపు మీటరుకు 50 గ్రాములు దాటకుండా చల్లి, కొన్ని నెలల తర్వాత మళ్లీ పరీక్ష చేసి చూడడం మంచిది. అల్యూమినియం సల్ఫేట్ త్వరగా పనిచేస్తుంది కాని, ఎక్కువైతే అల్యూమినియమే వేరుకు విషమవుతుంది. మట్టిలో సున్నపు రాయి పొడి బాగా కలిసి ఉంటే మాత్రం ఎంత గంధకం వేసినా సున్నం దాన్ని మింగేస్తుంది. అటువంటి చోట మట్టితో పోరాడడం కన్నా, ఎత్తైన మడి కట్టి వేరే మట్టి పోయడమో, సున్నాన్ని ఓర్చే జాతిని ఎంచుకోవడమో తెలివైన పని.

ఈ సందర్భంలో వినిపించే ఇంటి చిట్కాల్లో చాలావాటికి బలం తక్కువ. కాఫీ పొడి పిప్పిలో ఆమ్లం చాలావరకు కాఫీతోనే దిగిపోతుంది; మిగిలిన పిప్పి మట్టిని నమ్మకంగా ఆమ్లంగా మార్చదు. పైన్ ఆకుల పొర కూడా నేల పీహెచ్‌ను చెప్పుకోదగినంత దించదు, కాని తేమను ఆపే కప్పుగా అది చక్కగా పనికొస్తుంది. వినెగర్ పోస్తే దాని ప్రభావం కొద్ది రోజుల్లో పోతుంది, వేరుకు తగిలిన దెబ్బ మాత్రం నిలుస్తుంది. ఎప్సమ్ ఉప్పు మెగ్నీషియం లోపం రుజువైనప్పుడే మందు. ఊరికే వేస్తే మట్టిలో లవణాన్ని పెంచడమే అవుతుంది.

నేల మారే లోపల చెట్టును ఆదుకోవడానికి ఇనుమును చీలేట్ రూపంలో, అంటే మట్టి దాన్ని కట్టిపడేయకుండా పట్టి ఉంచే రసాయనంతో కలిపి, ఇవ్వవచ్చు. ఇక్కడ డబ్బా మీది అక్షరాలు చదవడం ముఖ్యం. ఈడీటీఏ చీలేట్ పీహెచ్ 6.5 దాటిన నేలలో ఇనుమును పట్టి ఉంచలేదు. అసలు ఇబ్బంది ఉన్నదే అటువంటి నేలలో కనుక అది అక్కడ వృథా. ఈడీడీహెచ్ఏ చీలేట్ క్షార నేలలో కూడా నిలుస్తుంది, ధర ఎక్కువ. అన్నభేదిని (ఇనుము సల్ఫేట్) నేలలో వేస్తే క్షార మట్టి దాన్ని కూడా త్వరలోనే కట్టిపడేస్తుంది. పలచని ద్రావణంగా ఆకుల మీద పిచికారీ చేస్తే తాత్కాలికంగా పచ్చదనం వస్తుంది, కాని హాలీ ఆకు మీది మైనపు పొర వల్ల ఆ ద్రావణం లేత ఆకుల్లోకే కాస్త ఇంకుతుంది. ఇవన్నీ ఊతకర్రలే.

ఇక నిజంగా ఎరువు అవసరమైన చెట్టు సంగతి. కొత్త కొమ్మలు ఏటా జానెడు వరకో అంతకు మించో సాగుతూ, ఆకులు ముదురు రంగులో ఉంటే ఎదిగిన హాలీకి ఎరువు వేయనవసరమే లేదు. హాలీ సహజంగా నెమ్మదిగా పెరిగే చెట్టు. దాన్ని పరుగెత్తించాలన్న ఆశతో వేసే ఎరువు కొమ్మలను పలచగా సాగదీస్తుందే తప్ప చెట్టుకు నిండుదనం తేదు. చిన్న మొక్కలకూ, ఇసుక నేలలో ఉన్నవాటికీ, ఏటా కత్తిరించే కంచెలకూ కొంత పోషణ కావాలి. అటువంటి వాటికి ఏడాదికి చదరపు మీటరుకు 5 నుంచి 10 గ్రాముల నత్రజని చాలు. దీన్ని లెక్కలో పెట్టి చూడాలి. చెట్టు మొదలు నుంచి మీటరున్నర దూరం వరకు వేరు పరుచుకుందనుకుంటే ఆ వలయం దాదాపు 7 చదరపు మీటర్లు. తక్కువ మోతాదు లెక్కన 35 గ్రాముల నత్రజని కావాలి. సంచి మీద 10-6-4 అని ఉంటే అందులో నూటికి పది పాళ్లు నత్రజని కనుక 350 గ్రాముల ఎరువు సరిపోతుంది. 21 శాతం నత్రజని ఉండే అమ్మోనియం సల్ఫేట్ అయితే 170 గ్రాములు చాలు. గుప్పిళ్ల లెక్కన వేసేవారు ఈ తేడాను సాధారణంగా గమనించరు. అదే గుప్పిలితో రెట్టింపు నత్రజని పడిపోతుంది.

ఆమ్ల నేలను ఇష్టపడే మొక్కలకని అమ్మే ఎరువుల్లో నత్రజని ఎక్కువగా అమ్మోనియం రూపంలో ఉంటుంది. ఆ రూపంలోని నత్రజని మట్టిలో మార్పు చెందేటప్పుడు నేల ఆమ్లగుణం కొద్దికొద్దిగా పెరుగుతుంది. కాల్షియం నైట్రేట్ దీనికి వ్యతిరేక దిశలో నెట్టుతుంది. పత్తి గింజల పిండి వంటి సేంద్రియ ఎరువులు నెమ్మదిగా కరిగి వేరును కాల్చకుండా పోషిస్తాయి. బాగా మాగిన ఆకు ఎరువు అన్నిటికన్నా సహజమైనది. ఎముకల పొడి, కట్టె బూడిద మాత్రం హాలీ పాదులో వేయకూడనివి. బూడిద సున్నంలాగే పీహెచ్ పెంచుతుంది. ఎముకల పొడి కాల్షియంతోపాటు భాస్వరాన్ని ఇస్తుంది. భాస్వరం నేలలో కొట్టుకుపోకుండా ఏళ్ల తరబడి పోగుపడి, ఇనుము వేరుకు అందడాన్ని మరింత కష్టం చేస్తుంది. మాగని కోళ్ల ఎరువులో లవణం ఎక్కువ, అది వేరును మాడ్చగలదు.

ఎరువు ఎక్కడ వేయాలన్నది ఎంత వేయాలన్నంత ముఖ్యమే. హాలీ పీల్చే వేళ్లు సన్నగా, నేల పైపొరలోనే అల్లుకుని, కొమ్మల అంచు దాటి బయటికి కూడా పాకుతాయి. కనుక పైపాటుగా, మొదలుకు కాస్త ఎడంగా మొదలుపెట్టి కొమ్మల అంచు దాటేవరకు పలచగా చల్లి, నిండుగా నీరు పెట్టాలి. చెట్టు మొదలు దగ్గర కుప్పగా పోస్తే బెరడు దెబ్బతింటుంది, పీల్చే వేరు అక్కడ ఉండదు. పాదు తవ్వి, మట్టి గుల్లచేసి ఎరువు కలపడం చాలా మొక్కలకు మేలైన పద్ధతే కావచ్చు కాని, హాలీ దగ్గర ఆ పారదెబ్బ సరిగ్గా పీల్చే వేళ్ల మీదే పడుతుంది. పక్కన పచ్చిక ఉంటే దానికి వేసే ఎరువులో చెట్టు కూడా వాటా తీసుకుంటుంది. ఆ పచ్చికలో కలుపు మందు కలిసిన ఎరువు చల్లితే ఆ మందును కూడా పీల్చుకుంటుంది.

కాలం విషయానికొస్తే చలి తగ్గి మొగ్గలు ఇంకా విచ్చుకోని రోజులు అన్నిటికన్నా అనువైనవి. వేసవి మధ్య దాటాక నత్రజని వేస్తే చివరి దశలో లేత చివుళ్లు వచ్చి, అవి ముదిరేలోపే మంచు పడి నల్లబడిపోతాయి. కొత్తగా నాటిన మొక్కకు మొదటి ఏడాది రసాయన ఎరువు వేయకపోవడమే మేలు. అప్పుడు దానికి కావలసింది నీరు, వేరు పాకే వదులైన మట్టి. గుంత వేరు ముద్దకు రెండు మూడు రెట్లు వెడల్పుగా, లోతు మాత్రం ముద్ద ఎత్తుకు మించకుండా ఉండాలి. లోతుగా నాటిన హాలీ ఏళ్లు గడిచాక కారణం తెలియకుండా నీరసిస్తుంది, అప్పుడు దానికీ ఎరువే వేస్తారు.

నీరు, కప్పు అన్నవి ఎరువుకన్నా ముందు నిలిచే విషయాలు. మొదటి రెండేళ్లు వానతో కలుపుకుని వారానికి రెండున్నర సెంటీమీటర్ల నీరు, రోజూ కాస్త చిలకరించడంగా కాక, ఒక్కసారి లోతుగా ఇంకేలా అందాలి. ఐదు నుంచి ఎనిమిది సెంటీమీటర్ల మందాన బెరడు ముక్కలో ఎండుటాకులో పరిచి, మొదలు చుట్టూ జానెడు ఖాళీ వదిలితే తేమ నిలుస్తుంది, కలుపు రాదు, పార అవసరమే పడదు. గడ్డకట్టే చలి ఉన్న ప్రాంతాల్లో మరో సంగతి ఉంది. సతతహరిత హాలీ ఆకులు చలికాలంలో కూడా ఎండకు, గాలికి నీటిని వదులుతూనే ఉంటాయి, గడ్డకట్టిన నేల నుంచి వేరు దాన్ని తిరిగి ఇవ్వలేదు. వసంతంలో గాలివాటు వైపు ఆకులు అంచుల వెంట గోధుమరంగుకు తిరిగి ఉంటే అది ఆకలి కాదు, దాహం. నేల గడ్డకట్టక ముందే నిండుగా తడిపి ఉంచడమే దానికి మందు.

పండ్లు రావడం లేదన్న ఫిర్యాదుకు కూడా చాలామంది జవాబు ఎరువు సంచిలోనే వెతుకుతారు. హాలీలో ఆడ చెట్టు, మగ చెట్టు వేరువేరు. పండు ఆడ చెట్టుకే వస్తుంది, అది కూడా తేనెటీగలు తిరిగే దూరంలో, దాదాపు 15 మీటర్ల లోపు అయితే మరీ మంచిది, అదే జాతి లేదా దగ్గరి జాతి మగ చెట్టు అదే రోజుల్లో పూసినప్పుడే వస్తుంది. ఆడ పువ్వు నడుమ చిన్న ఆకుపచ్చ ఉబ్బు కనిపిస్తుంది, మగ పువ్వులో పుప్పొడి నిండిన కేసరాలు కనిపిస్తాయి. పేర్లను నమ్మి కొంటే మోసపోవచ్చు: ‘గోల్డెన్ కింగ్’ ఆడది, ‘సిల్వర్ క్వీన్’ మగది; పేర్లు పెట్టినవారు పూలు చూసినట్టు లేదు. ‘బ్లూ ప్రిన్స్’, ‘బ్లూ ప్రిన్సెస్’ మాత్రం పేరుకు తగ్గవే. వింటర్‌బెర్రీలో పూత కాలం కూడా కుదరాలి. త్వరగా పూసే ‘రెడ్ స్ప్రైట్’కు ‘జిమ్ డాండీ’, ఆలస్యంగా పూసే ‘వింటర్ రెడ్’కు ‘సదర్న్ జెంటిల్‌మన్’ జోడీ. చైనా హాలీలో ‘బర్ఫోర్డీ’ రకం పరాగ సంపర్కం లేకపోయినా పండ్లు కాయగలదు. మగ తోడు దగ్గరే ఉన్నా పండు రాలేదంటే పూత వేళ పడిన మంచును, తేనెటీగలు తిరగనివ్వని వానను, వేళ తప్పిన కత్తెరను తలచుకోవాలి. ఐరోపా, చైనా హాలీలు గత ఏడాది కొమ్మ మీద పూస్తాయి కనుక చలికాలం చివర గట్టిగా కత్తిరిస్తే ఆ ఏటి పండ్లు కత్తెర వెంటే పోతాయి. అమెరికా హాలీ, వింటర్‌బెర్రీ కొత్త చివురు మీదే పూస్తాయి. ఇన్నిటి మధ్య ఎరువుకున్న పాత్ర ఒక్కటే, అది కూడా చెడ్డది: నత్రజని ఎక్కువైన చెట్టు ఆకు వేస్తుంది, పూత తగ్గిస్తుంది. పండిన పండ్లు పక్షులకు ఆహారమే కాని మనుషులకు విషపూరితం. చిన్నపిల్లలు, పెంపుడు జంతువులు తిరిగే చోట ఈ సంగతి గుర్తుండాలి.

పురుగులు, తెగుళ్ల విషయంలో కూడా అతి పోషణ మేలు చేయదు. నత్రజని బలిసిన లేత ఆకులంటే పొలుసు పురుగులకు, ఆకు రసం పీల్చే నల్లులకు ఇష్టం. ఆకు పొరల మధ్య వంకరటింకర గీతలు కనిపిస్తే ఆకు తొలిచే ఈగ పిల్లలు లోపలున్నట్టు. కొద్ది ఆకులే అయితే తుంచి పారేస్తే సరిపోతుంది. ఆకుల మీద సూదితో గుచ్చినట్టు, చుట్టూ ఊదారంగు అంచుతో ఉండే మచ్చలను చూసి మందు కొట్టేవారు ఉన్నారు. అవి చాలావరకు గాలికి ఒక ఆకు ముల్లు పక్క ఆకును గుచ్చిన గాయాలే. నిజంగా భయపడవలసినది నల్ల వేరుకుళ్లు. జపాన్ హాలీ, ఇంక్‌బెర్రీలకు ఇది ఎక్కువగా వస్తుంది. చెట్టు పాలిపోయి, ఎదుగుదల ఆగి, ఒక్కో కొమ్మ ఎండుతూ అచ్చం ఆకలిగా ఉన్నట్టే కనిపిస్తుంది. పైమట్టిని మెల్లగా తొలగించి నాలుగు సన్న వేళ్లు తీసి చూస్తే తెల్లగా ఉండవలసినవి నల్లగా ఉంటాయి. ఆ వేరుకు ఎరువు వేస్తే లవణం భారం కూడా తోడై చావు త్వరపడుతుంది. పీహెచ్ పెరిగిన నేల ఈ బూజుకు మరింత అనుకూలం కనుక, గోడపక్క సున్నం ఇక్కడ రెండోసారి దెబ్బ తీస్తుంది. చెట్టును తీసేసిన చోట మళ్లీ జపాన్ హాలీనే నాటకూడదు. చైనా హాలీకి ఈ బాధ తక్కువ.

వయసు మీరి అడుగున బోసిపోయిన ఐరోపా లేదా అమెరికా హాలీని చలికాలం చివర గట్టిగా నరికి మళ్లీ చిగురింపజేయవచ్చు. చాలా సతతహరితాలు తట్టుకోలేని ఈ కోతను ఆరోగ్యంగా ఉన్న హాలీ తట్టుకుంటుంది. ఐరోపా హాలీలో కొత్త ఆకులు మునుపటికన్నా ఎక్కువ ముళ్లతో వస్తాయి, పండ్లు రెండు మూడేళ్లు కనిపించకపోవచ్చు. కోత తర్వాత చెట్టుకు బలం కావాలని ఎరువు వేయాలనిపిస్తుంది. పైన కొమ్మలు లేవు, కింద వేరు వ్యవస్థ పాతదే, అంతా ఉంది. అది పంపే బలానికే చివుళ్లు మూరల కొద్దీ సాగుతాయి. ఆ ఏడాది దానికి వేయవలసింది కప్పు, పెట్టవలసింది నీరు మాత్రమే.